కెమెరా వైపు చూసిన మనిషి

ముందుగా ఒక మాట

ఈ పనిలోకి రావాలనుకునే అమ్మాయిలూ అబ్బాయిలూ నన్ను మొదట అడిగేది ఏ రసాయనం ఎంత కలపాలని. అది పుస్తకాల్లో ఉంది, చూసుకోండి. పుస్తకాల్లో లేనిది ఒకటుంది. అది నేను చేసిన తప్పు. దాన్ని ఎవరూ రాయలేదు, ఎందుకంటే ఆ తప్పు చేసినవాళ్లలో చాలామందికి అది తప్పని ఇప్పటికీ తెలియదు.

నా పేరు సింహాచలం. కలకత్తాలో ఎవరికీ నోరు తిరక్క 'అచల్' చేశారు, జుట్టు నెరిశాక అన్న అనే 'దా' తగిలించి 'అచల్‌దా' చేశారు. మావాళ్లు శ్రీకాకుళం వైపు నుంచి తాతల కాలంలోనే వచ్చి హౌరాలో, టికియాపారాలో పడ్డారు. నాన్న షాలిమార్ యార్డులో సరుకు మోశాడు. మా సందులో సగం మంది కలకత్తా వీధుల్లో చీపురో పారో పట్టినవాళ్లే. కత్తెర పట్టింది నేనొక్కణ్ణే. "సినిమాల్లో ఏటి సేస్తావురా?" అని నాన్న అడిగితే "కోస్తాను, అతికిస్తాను" అనేవాణ్ణి. "దర్జీ పనన్నమాట," అనేవాడు. ఆ తర్వాత నా పని గురించి అంత సరిగ్గా చెప్పినవాణ్ణి మళ్లీ చూడలేదు.

అసలు పని

పాత ఫిల్ము డబ్బా మూత తీయగానే ముక్కుకి పని పెట్టండి, కళ్లకి కాదు. పుల్లటి వాసన వస్తే ఒక రకం జబ్బు. తడిసి మురిగిన మేజోళ్ల వాసన వస్తే అది నైట్రేట్ ఫిల్ము, పైగా చావుకు దగ్గరగా ఉంది. మూకీల కాలంలో అన్నీ నైట్రేటే. ఒకసారి అంటుకుందంటే నీళ్లు పోసినా ఆరదు. ముసలిదైతే ముందు బెల్లప్పాకంలా జిగటగా మారుతుంది, తర్వాత గోధుమరంగు పొడి అయిపోతుంది. ఆలోగా దాన్ని కొత్త ఫిల్ము మీదికి ఎక్కించాలి. పగిలిన అంచులు అతికించాలి, చిరిగిన కన్నాలు సరిచేయాలి, ఒక్కొక్క బొమ్మనే చేత్తో నడిపించాలి. అంతే మన పని. దీన్ని కళ అనేవాళ్లను నమ్మకండి. వైద్యం అనేవాళ్లను అసలే నమ్మకండి. రోగి ఎలాగూ పోతాడు, వాడి పోలికను కాపాడటమే మనం చేసేది.

నా చేతిలోంచి వెళ్లినవాటిలో ఎక్కువ భాగం కథాచిత్రాలు కావు. ఎవడో ఒక కెమెరావాడు వీధి మూలన మూడుకాళ్ల స్టాండు వేసుకుని, కనపడింది కనపడినట్టు తీసుకున్నవి. ట్రాము వస్తుంది, పోతుంది. గుర్రబ్బండివాడు జనం మీద అరుస్తాడు, అరుపు వినిపించదు. గొడుగు పట్టుకున్న బాబు ఒకడు గోతిలో కాలేసి చుట్టూ చూసుకుంటాడు. వీటిలో ఏముందని మొదట్లో నేనూ అనుకున్నాను.

నిమాయ్‌దా నేర్పిన పాఠం

నేను పని నేర్చుకున్నది టాలీగంజ్‌లో, కథాచిత్రాలు కోసే గదిలో. గురువు నిమాయ్‌దా. చేతిలో ఎప్పుడూ చెక్క స్కేలు ఉండేది, అది కొలవడానికి కాదని రెండో రోజే తెలిసింది. పనిలో ఆయనంత మనిషి లేడు. నోటిలో ఆయనంత మనిషి ఉండకూడదు.

ఆ రోజుల్లో వీధుల్లో షూటింగు అంటే పెద్ద తలనొప్పి. హీరో దిగులుగా నడుస్తూ ఉంటాడు, వెనక మామిడిపళ్లు అమ్మేవాడు పళ్లు ఇకిలించి కెమెరాలోకి చూస్తాడు. దృశ్యం చెడిపోయినట్టే. మా గదిలో దాన్ని 'చాహని' అనేవాళ్లం, బెంగాలీలో చూపు అని. చాహని కనపడిన చోటల్లా కోసి పారేయాలి. ఒకసారి నేను ఒక చాహనిని చూసుకోకుండా వదిలేశాను. నిమాయ్‌దా స్కేలుతో వేళ్ల మీద ఒక్కటిచ్చి, "రోడ్డు మీది మనిషి మనవైపు చూశాడంటే ఆ ముక్క చచ్చింది. శవాన్ని ఇంట్లో పెట్టుకుంటావురా గాడిదా?" అన్నాడు.

ఆ దెబ్బ తర్వాత నా కన్ను పదునెక్కింది. నడుస్తున్న ఫిల్ములో ఎక్కడో మూలన ఒక తల ఇటు తిరిగిందంటే చెయ్యి దానంతట అదే కత్తెర మీదికి పోయేది. దాన్ని నైపుణ్యమనుకుని మురిసిపోయాను.

భవతోష్ బాబు

ఎర్రజెండా ప్రభుత్వం వచ్చిన కొత్తలో పాత ఫిల్ములు భద్రపరిచే ఒక చిన్న సంస్థలో చేరాను. పేరు ఎందుకు, ఇప్పుడు అది లేదు. ఇరుకు మేడమెట్లు, మూడు గదులు, రోజుకి మూడుసార్లు పోయే కరెంటు. పై అధికారి భవతోష్ బాబు, ధోవతి కుచ్చిళ్లు చేత్తో పట్టుకుని నడిచే మనిషి. కోపం రాదు, వస్తే మాట్లాడడు. అరిచే అధికారి కంటే మాట్లాడని అధికారి దగ్గరే ఎక్కువ నేర్చుకున్నాను. అరుపుకి అలవాటు పడొచ్చు, మౌనానికి పడలేం.

ఆయన నేర్పినవాటిలో ఒకటి మీరు రాసిపెట్టుకోండి. పాత కెమెరాను చేత్తో తిప్పేవారు, సెకనుకి పదహారు బొమ్మలు. మన యంత్రం ఇరవై నాలుగు పరిగెత్తిస్తుంది. అందుకే తెర మీద పాతకాలపు జనం కుక్క తరిమినట్టు ఉరుకుతారు, హాల్లో అందరూ పడీపడీ నవ్వుతారు. భవతోష్ బాబు ఆ నవ్వు విని లేచి వెళ్లిపోయేవాడు. "వాళ్లు మనలాగే నడిచారు అచల్. మనమే వాళ్లను కోతుల్ని చేశాం," అనేవాడు. వేగం తగ్గించి చూపించే యంత్రం కోసం రెండేళ్లు కాళ్లరిగేలా తిరిగి తెచ్చాడు.

ఆయనలో లోపం ఒక్కటే. నన్ను మరీ నమ్మాడు.

తొమ్మిది అడుగులు

ఎనభైల మధ్యలో ఒక పాత జమీందారీ ఇంటి మెట్లకింది గదిలోంచి ఒక డబ్బా వచ్చింది. మూత మీద పెన్సిలుతో 'వీధులు' అని తప్ప ఏమీ లేదు. మూకీ రోజులది. అప్పటికే ఒక అంచు జిగటకట్టింది. కొత్త ఫిల్ము మా దగ్గర కొంచెమే ఉంది, మళ్లీ ఎప్పుడొస్తుందో తెలియదు. "పనికిరాని ముక్కలు తీసేసి మిగతాది త్వరగా ఎక్కించెయ్," అని భవతోష్ బాబు పాడైన ముక్కల గురించే అన్నాడు. నేను విన్నది వేరు. చోటు మారి ఏళ్లయినా నా చెయ్యి ఇంకా టాలీగంజ్‌లోనే ఉంది, పైగా వీధుల రీలు పట్టడం అదే మొదలు. రీలు పొడుగునా ఎక్కడ చాహని కనపడితే అక్కడ కోశాను. జనం కెమెరాను చూసి ఆగిన చోట్లు, నవ్విన చోట్లు, వేలు పెట్టి చూపించిన చోట్లు, అన్నీ.

కోసిన నైట్రేట్ ముక్కల్ని అంటుకోకుండా నీళ్ల డ్రమ్ములో వేస్తాం. డ్రమ్ము నిండాక ఊరి బయట ఖాళీ జాగాలో తగలబెట్టిస్తాం. అసలు రీలు కూడా ఎక్కించిన కొద్ది వారాలకే ముద్దయిపోయి ఆ దారినే పోయింది. తగలబెట్టిన రోజు నేనే దగ్గరుండి చూశాను. మంట భలే తెల్లగా వచ్చిందని మెచ్చుకున్నాను కూడా.

అప్పలమ్మ పిన్నమ్మ

కొన్ని నెలలకు భవతోష్ బాబు ఆ వీధులేవో తేల్చాలన్నాడు. రీల్లో ఒకచోట పొద్దున్నే రోడ్లు కడిగేవాళ్లు ఉన్నారు. అప్పట్లో గంగనీళ్ల గొట్టాలతో రోడ్లు కడగడం కార్పొరేషన్ పని, దాంట్లో మనవాళ్లు చాలామంది ఉండేవారు. "మీ పేటలో ఆ పని తెలిసిన పెద్దవాళ్లు ఉంటే తీసుకురా," అన్నాడు. మా సందులో రెండిళ్ల అవతల ఉండే అప్పలమ్మ పిన్నమ్మను పిలిచాను. మా అమ్మ స్నేహితురాలు, డెబ్బై దాటిన మనిషి. వాళ్ల అయ్య ఆ గొట్టం పట్టినవాడే. ఆవిడకు ఆరేళ్లప్పుడు జ్వరంతో పోయాడు. తర్వాత వాళ్లమ్మ చీపురు పట్టింది, ఆ తర్వాత ఈవిడ.

బస్సులో హౌరా బ్రిడ్జి దాటుతుంటే అడిగింది. "సినిమాలో ఎవులున్నార్రా?"

"ఎవులూ నేరు పిన్నమ్మా. రోడ్డు, ట్రాములు, జనం."

"అది సూడ్డానికి ఇంత దూరమేటి? గుమ్మంలో కూకుంటే ఔపడదేటి?" అని బస్సంతా వినపడేలా నవ్వింది.

చిన్న హాల్లో ముందువరసలో కూర్చోబెట్టాం. బొమ్మ మొదలైంది, నెమ్మదిగా, మనుషులు నడిచే వేగంలో. ట్రాము పోయింది. మేకతోలు సంచితో నీళ్లు మోసేవాడు పోయాడు. తర్వాత రోడ్డు కడిగేవాళ్లు వచ్చారు, ఇద్దరు గొట్టం లాగుతున్నారు, మూడోవాడు మనకు వీపు పెట్టి ఇత్తడి మూతి పట్టుకుని నీళ్లు కొడుతున్నాడు.

"ఓలమ్మో! మా అయ్య!"

భవతోష్ బాబు ఉలిక్కిపడి, "కీ బోల్ఛే? ఏమంటోంది అచల్?" అన్నాడు.

"ఆ పుర్రసెయ్యి సూడు! మా అయ్య పుర్రసేత్తోనే గొట్టం పట్టీవోడు. మేస్త్రీ ఎన్నిపాల్లు తిట్టినా మార్సనేదు. ఆ మోకాలు వంచడం సూడు. తిరుగుతన్నాడు, ఇటే తిరుగుతన్నాడు..."

తెర మీద ఎడ్లబండ్లు వచ్చాయి.

"ఏటది? ఏటయిపోనాది? మా అయ్య ఏడీ?"

అప్పుడు నాకు వెలిగింది. మళ్లీ వెయ్యమంది, వేశాం. మనిషి తిరగబోతాడు, బండ్లు వస్తాయి. మూడోసారి ఆవిడ కుర్చీలోంచి లేచి, తెర పక్కకు వెళ్లి నిలబడింది. అటునుంచి చూస్తే మొహం కనపడుతుందనుకుంది పాపం. నేను తేలు కుట్టిన దొంగలా నోరు మూసుకుని కూర్చున్నాను. అది కూడా రాయాలి కాబట్టి రాస్తున్నాను.

ఇంటికి వచ్చాక పాత నోటు పుస్తకం తీసి చూశాను. నా చేతిరాతే. 'గొట్టంవాడు, చాహని, తొమ్మిది అడుగులు, తీసేశాను.' మూకీ వేగంలో అడుగు ఫిల్ముకి ఒక సెకను. ఆ మనిషి తొమ్మిది సెకన్లు మనవైపు చూశాడన్నమాట.

ఒప్పుకోవడం

ముందు భవతోష్ బాబుకి చెప్పాను. ఆయన కళ్లద్దాలు తీసి తుడుచుకున్నాడు, తుడుస్తూనే ఉన్నాడు. చివరికి, "ఆమెకు చెప్పావా?" అని ఒక్కటే మాట. లేదన్నాను. తర్వాత వారం రోజులు నాతో మాట్లాడలేదు.

ఆదివారం పొద్దున్న పిన్నమ్మ గుమ్మంలో బియ్యం ఏరుతుంటే వెళ్లి కూర్చున్నాను. నేను నోరు తెరవకముందే ఆవిడే మొదలుపెట్టింది.

"మా అయ్య ఫొటో ఒక్కటీ నేదురా. గొంతు గేపకమున్నాది. సేతులు గేపకమున్నాయి. మొకం మాత్రం ఎంత తలుసుకున్నా రాదు. ఆ మిసనీవోణ్ణి అడుగు, ఆ కొంచెం ఎక్కడైనా దొరుకుతాదేమో. ఒక్కపాలి సూసి సచ్చిపోతాను."

"దొరకదు పిన్నమ్మా. నానే కోసినాను."

"ఏటి?"

"ఆ ముక్క నానే కోసి పారీసినాను. కాలిపోనాది."

చేట పక్కన పెట్టింది. "ఎందుకు?"

"మీ అయ్య కెమెరా వైపు సూసినాడని."

"సూస్తే?"

సూస్తే ఏమిటి? రోడ్డు మీద పనిచేసుకుంటున్న మనిషి, ఎవడో తనను బొమ్మ తీస్తున్నాడని తలతిప్పి చూశాడు. అందులో చెడిపోయిందేమిటి? ఆ రీల్లో హీరో లేడు, కథ లేదు. ఆ మనిషే హీరో, ఆ చూపే కథ. ఇంత చిన్న విషయం నాకు తెలియడానికి ఒక ముసలామె చేట పక్కన పెట్టాల్సి వచ్చింది.

ఇంతలో ఆవిడ మొహం మారింది. ఆశ వచ్చింది. అదే నాకు ఎక్కువ బాధేసింది.

"అలగైతే నువ్వు సూసినావన్నమాట. నీ సేత్తోనే కోసినావు కదా. సెప్పు నాయినా, ఎలగున్నాడు?"

ఆ ముక్క నా కళ్లముందునుంచి మూడుసార్లు పోయింది, ఒక్కొక్క బొమ్మగా. అంచులు గుర్తున్నాయి, కుడివైపు చిరిగిన రెండు కన్నాలు గుర్తున్నాయి, పొడుగ్గా ఒక గీత గుర్తుంది. మొహం గుర్తులేదు. నేను మొహం చూడనేలేదు. 'నవ్వుతున్నాడు పిన్నమ్మా, నీలాగే కోటేరు ముక్కు' అని ఒక అబద్ధం నాలుక చివరిదాకా వచ్చింది. నమ్మేది, ఆ రాత్రి నిద్రపోయేది. కానీ కోసినవాణ్ణే మళ్లీ అతికిస్తానంటే, అదీ నా ఊహలోంచి, ఎలా కుదురుతుంది? ఆ మనిషికి అది రెండో అన్యాయం.

"నాను సూడనేదు పిన్నమ్మా. గీతలు సూసినాను, మొకం సూడనేదు."

"అంత దగ్గిర్నుంచి సూసి, మనిసిని సూడనేదేట్రా?" అంది. తిట్టలేదు. చేట తీసుకుని లోపలికి వెళ్లి తలుపు వేసుకుంది.

ఆర్నెల్లు నాతో మాట లేదు. సందులో ఎదురైతే కొంగు సర్దుకుని పక్కకు తిరిగేది.

మీకు చెప్పదలిచింది

ఆనాటి నుంచి ఏ రీలు వచ్చినా కత్తెర ముట్టుకునే ముందు ఒకసారి మనుషుల కోసమే చూసేవాణ్ణి. గీతలు, మచ్చలు, కన్నాలు తర్వాత. మీరూ అలాగే చెయ్యండి. భవతోష్ బాబు చెప్పాడని ఆ రీలు చీటీ మీద 'ఇక్కడ ఉన్న మనిషి మొహాన్ని ఈ సంస్థలోనే కోశారు' అని రాసి నా పేరు పెట్టాను. కింద ఆయన కూడా సంతకం పెట్టాడు. నేను వద్దన్నాను. "నేను చూడకుండా ఎక్కించమన్నాను కదా," అన్నాడు. ఇలాంటి అధికారి దొరికితే వదులుకోకండి. నిమాయ్‌దాను నేను తప్పుపట్టను, ఆయన పాఠం ఆయన గదిలో సరైనదే. ఒక గదిలో నేర్చుకున్నది ఇంకో గదికి తీసుకెళ్లేటప్పుడు గుమ్మంలో ఒక్క నిమిషం ఆగాలి. నేను ఆగలేదు.

ఆవిడ వచ్చిన రోజు

ఒకరోజు పొద్దున్న పదిన్నరకు మేడమెట్ల మీద ఎవరో ఆయాసపడుతూ ఎక్కుతున్న చప్పుడు. పిన్నమ్మ. ఒక్కతే బస్సు మారి వచ్చింది.

"ఆ బొమ్మ మల్లీ సూపించు. పరిగెట్టించకు. ఆపి సూపించు."

ఎడిటింగ్ బల్ల మీద ఫిల్మును చేత్తో తిప్పొచ్చు, కావాల్సిన చోట ఆపొచ్చు. స్టూలు వేసి కూర్చోబెట్టాను. ట్రాము, నీళ్లవాడు, గొట్టం. చేత్తో ఒక్కొక్క బొమ్మ జరిపాను. వీపు కదిలింది, తలపాగా కొస కదిలింది, చెవి కనపడింది, చెంప అంచు కనపడింది. ఇంక ఒక్క బొమ్మ జరిపితే ఎడ్లబండ్లు.

"ఆపు."

చాలాసేపు చూసింది. తర్వాత ముసుగు తీసి, తెల్లజుట్టు వెనక్కి తోసి, చెవి నావైపు పెట్టింది.

"కింద తమ్మె పోగులకి సాగిపోనాది, అది ఒగ్గీ. పైన సూడు."

పై అంచున చిన్న మడత. బొమ్మలో చెవికి అదే మడత.

"నాను అచ్చం మా అయ్య పోలికని మాయమ్మ అనీది. ఊరికే అంటాదనుకున్నాను." లేచి నిలబడింది. నాకు వీపు పెట్టింది. ఎడమచెయ్యి కొంచెం ముందుకు చాచి, మోకాలు వంచి, ఆ మనిషి ఎలా నిలబడ్డాడో అలాగే నిలబడి, మెల్లగా నావైపు తిరిగింది. "తెగిన కాడినుంచి ఇలగే తిరిగుంటాడు. ఈపాలి సూడు. సూసి సెప్పు."

చూశాను. పుట్టినప్పటినుంచీ ఎరిగిన మొహం, ఎన్నడూ చూడని మొహం. కనుబొమలు మధ్యలో కలిసి ఉన్నాయి. ముక్కు కొంచెం ఎడమకి ఒరిగింది. కుడి చెంప మీద అమ్మవారి మచ్చలు మూడు, కింది పెదవి లావు, గడ్డం మధ్యలో సొట్ట. మచ్చలు నీవి, ఆయనవి కావచ్చు కాకపోవచ్చు అంటూ ఒక్కొక్కటీ చెప్పాను. ఆవిడ కళ్లు మూసుకుని వింటూ నిలబడింది, చెప్పినచోటల్లా వేలితో మొహం తడుముకుంది.

"మరి మీసం?" అంది.

"మీసం నాకు తెల్దు పిన్నమ్మా."

కళ్లు మూసుకునే చెంప మీద చెయ్యి ఆనించి ఉండిపోయింది. తర్వాత నవ్వింది.

"ఉండీది," అంది. "ముద్దెట్టుకుంటే గుచ్చుకునీది."